డబ్బా మీద అమ్మ బొమ్మ

మా అమ్మ బొమ్మ ఒకప్పుడు హైదరాబాదు దాకా కిరాణా కొట్ల అరల్లో ఉండేదంటే మా పిల్లలు నమ్మరు. నేతి డబ్బా మీద ఉండేది. ముక్కుకి ముక్కుపుడక, ఒంటి మీద పెద్ద జరీ అంచు చీర, ముందు కుండా కవ్వం, వెనకాల ఒక తెల్లావు. అందులో ముక్కుపుడక తప్ప నిజమేదీ లేదు. అమ్మ జరీ చీర కట్టుకుని మజ్జిగ చిలికే మనిషి కాదు. మా దొడ్లో ఆవు ఎప్పుడూ లేదు. ఉన్నవన్నీ గేదెలే.

మాది పెనుగొండకీ తణుకుకీ మధ్య ఒక చిన్న ఊరు. కాలవ నీళ్ళు, రెండు పంటల వరి, గట్ల మీద కొబ్బరిచెట్లు. మా నాన్నది వ్యవసాయం. గేదెల సంగతి మాత్రం అంతా అమ్మదే. పొద్దున పితికిన పాలు కుండలో పోసి దాలి మీద పెట్టేది. దాలి అంటే దొడ్లో తవ్విన చిన్న గుంట, అందులో పిడకలు సాయంత్రం దాకా మంట లేకుండా రాజుకుంటూ ఉంటాయి. ఆ సెగకి పాలు ఎర్రగా కాగి, రొట్టెముక్కంత మందాన మీగడ కట్టేవి. ఆ పాలు తోడుపెట్టి, తెల్లారి చిలికి, వెన్న తీసి, వారానికోసారి నెయ్యి కాచేది. దించే ముందు నాలుగు మునగాకులు వేసేది. అవి చిటపటమని ఆగిపోతే దించేసేది. చల్లారాక ఆ నెయ్యి తెల్లగా, ఇసుక రేణువుల్లా పూస కట్టి ఉండేది. ఆ ముంతలో వేలు పెట్టాలని మాకెప్పుడూ ఆశగానే ఉండేది గానీ, అడుగున మిగిలిన గసిలో బెల్లం కలిపి పెట్టేది కాబట్టి దాంతో ఊరుకునేవాళ్ళం.

అమ్మ నెయ్యికి చుట్టుపక్కల పేరుండేది. పెనుగొండలో గుడికి వచ్చే యాత్రికులకి భోజనాలు వండే వంటవాళ్ళు పట్టుకెళ్ళేవారు. తణుకు నుంచి బాలింతలున్న ఇళ్ళవాళ్ళు కబురు పెట్టేవారు. మా వీధిలో నలుగురైదుగురు ఆడవాళ్ళు వాళ్ళ వెన్న తెచ్చి అమ్మ చేతికే ఇచ్చేవారు, కాచి అమ్మిపెట్టమని. వాళ్ళ వెన్నలో ఎవరిది పుల్లనైనా, ఎవరిది మాడు వాసన వచ్చినా అమ్మ మొహమాటపడకుండా వెనక్కి పంపేసేది. అలా పంపించినందుకు కోపం తెచ్చుకున్నవాళ్ళు లేరు. మర్నాడు కుండలు ఇంకాస్త శుభ్రంగా తోమి తెచ్చేవారు.

నేను కాలేజీలో చేరే నాటికి భీమవరం వైపు నుంచి రొయ్యల చెరువుల గాలి మా ఊరి దాకా వచ్చింది. పచ్చిక ఉన్న చోటల్లా గట్లు లేచాయి. మా నాన్న కూడా దిగుపొలం చెరువు తవ్వించాడు. మొదటి పంట ఊళ్ళో అందరికీ చెప్పుకునేంత బాగా వచ్చింది. తర్వాతి పంటకి తెగులు తగిలింది. ఒకరోజు పొద్దున్నే వెళ్ళేసరికి రొయ్యలన్నీ గట్టు వారకి కొట్టుకొచ్చి ఉన్నాయి. ఆ వాసన చాలా రోజులు మా ఇంట్లో బట్టలకి కూడా పట్టుకుని ఉంది. ఆ తర్వాత నాన్న సెంటర్లో టీకొట్టు దగ్గరికి వెళ్ళడం మానేశాడు. పేపరు కూడా ఇంటికే తెప్పించుకునేవాడు. ఎవరైనా గుమ్మంలో పిలిస్తే లోపల ఉండి లేడని చెప్పించేవాడు. అంతకుముందు ఏ పంచాయితీ జరిగినా ముందు కుర్చీలో కూర్చునే మనిషి ఆయన.

అప్పుడు వచ్చాడు తణుకు మావయ్యగారు. నిజానికి మాకేమీ చుట్టం కాదు. నాన్నతో హైస్కూల్లో కలిసి చదువుకున్నాడు, తణుకులో నూనెలూ పప్పులూ టోకున అమ్మే కొట్టు ఉండేది. నాన్నా ఆయనా ఒరే అంటే ఒరే అనుకునేవారు. అమ్మకి అన్నదమ్ములు లేరు. ఆ సంగతి తెలిసి, పెళ్ళైన కొత్తలోనే ఆయన అమ్మని చెల్లెమ్మా అని పిలవడం మొదలుపెట్టాడట. దీపావళి వెళ్ళిన రెండోనాడు, అన్నదమ్ములు అక్కచెల్లెళ్ళ ఇంట్లో భోంచేసే రోజున, ఏటా తప్పకుండా చీర పట్టుకుని వచ్చి అమ్మ చేతి వంట తిని వెళ్ళేవాడు. అమ్మ ఆ రోజు కోసం ముందునుంచీ సరుకులు దాచేది. ఆయన్ని అన్నయ్యగారూ అని పిలిచేటప్పుడు ఆవిడ గొంతు మాలో ఎవరితో మాట్లాడేటప్పుడూ ఉన్నట్టు ఉండేది కాదు.

ఆయన చెప్పిన మాట ఇది. దేశంలో నెయ్యి మార్కెట్టు మారిపోతోంది. పట్నాల్లో ఎవరూ వెన్న కొని కాచుకోవడం లేదు. ఆడవాళ్ళు ఉద్యోగాలకి వెళుతున్నారు. లూజు నెయ్యి అంటే కల్తీ అని భయపడుతున్నారు. సీలు వేసిన డబ్బా కావాలి, దాని మీద పేరు కావాలి. గుజరాత్ నుంచీ మహారాష్ట్ర నుంచీ పాకెట్లు వచ్చి పడుతున్నాయి. మన గోదావరి నెయ్యికి ఇంత పేరుండి మనం ముంతల్లో అమ్ముకుంటూ కూర్చుంటే ఎలా. చెల్లెమ్మ నెయ్యి కాస్తే, డబ్బాల్లో పోసి తను అమ్ముతాడు. నాన్న భాగస్తుడుగా కొట్లో కూర్చుని వ్యవహారం చూసుకోవాలి.

నాన్న ఆ రాత్రి భోజనాల దగ్గర చాలా రోజుల తర్వాత గొంతు పెంచి మాట్లాడాడు. అమ్మకి డబ్బా సంగతి అంతగా ఎక్కలేదు గానీ, నాన్న మొహం చూసి ఒప్పుకుంది.

కొన్నాళ్ళకి తణుకు నుంచి బోర్డులు రాసే ఆర్టిస్టు వచ్చాడు. అమ్మని దొడ్లో కవ్వం దగ్గర కూర్చోబెట్టి ఫోటో తీసుకున్నాడు. ఆవిడ సిగ్గుతో తల వంచేసుకుంటే నాన్న పక్కన నిలబడి, కాస్త ఇటు చూడు, కాస్త నవ్వు అంటూ హడావిడి చేశాడు. డబ్బా తయారై వచ్చాక చూస్తే అందులో అమ్మ లావెక్కి, తెల్లబడి ఉంది. వెనకాల మా గేదె ఆవైపోయింది. అమ్మ పడీపడీ నవ్వింది. మా గేదె చూస్తే ఏమనుకుంటుందో అంది. ఆవు బొమ్మ ఉంటేనే ఇప్పుడు జనం కొంటారని నాన్న సర్దిచెప్పాడు. ఒక ఖాళీ డబ్బా కడిగి అమ్మ దేవుడి గదిలో ఒత్తులు వేసుకోవడానికి పెట్టుకుంది.

మొదటి రెండేళ్ళూ బాగానే గడిచాయి. వీధిలో వెన్న ఇచ్చే ఇళ్ళు పెరిగాయి, పక్క ఊళ్ళ నుంచి కూడా తెచ్చేవారు. దొడ్లో పెద్ద మూకుడు పెట్టి కాచేవాళ్ళు. నెయ్యి పెద్ద క్యాన్లలో తణుకు వెళ్ళేది, డబ్బాల్లో పోయడం అక్కడే. నాన్న రోజూ ఇస్త్రీ చేసిన తెల్లబట్టలు వేసుకుని బస్సెక్కేవాడు. కొట్లో గల్లాపెట్టె పక్కన ఆయనకో కుర్చీ వేశారు. వచ్చినవాళ్ళంతా నమస్కారమండీ అనేవారు. ఊళ్ళో టీకొట్టు దగ్గర కూడా మళ్ళీ కనిపించడం మొదలుపెట్టాడు. మాకు అదే చాలనిపించేది.

ఒక విషయం మాత్రం అమ్మకి అర్థమయ్యేది కాదు. డబ్బాలు రాజమండ్రిలో ఉన్నాయి, విజయవాడలో ఉన్నాయి, హైదరాబాదులో ఉన్నాయి అని చుట్టాలు చెబుతుంటే, మనం కాచేది ఇన్ని ఊళ్ళకి ఎలా సరిపోతోందండీ అని నాన్నని అడిగేది. వేరే ఊళ్ళ నుంచి కూడా వెన్న కొంటున్నారని నాన్న చెప్పేవాడు. అమ్మ నమ్మింది. నమ్మకపోవడానికి ఆవిడకి కారణం లేదు.

రాజమండ్రిలో అమ్మ పిన్నిగారి మనవరాలి పెళ్ళికి వెళ్ళినప్పుడు తెలిసింది. గోదావరి ఒడ్డున కల్యాణమండపం. మధ్యాహ్నం భోజనాలు. అమ్మా నేనూ పక్కపక్కన, నాన్న మా ఎదుటి వరసలో మగవాళ్ళతో. పెళ్ళివారి కోడలు, అంటే అమ్మకి వదిన వరస, విస్తళ్ళ మధ్యకి వచ్చి అందరికీ వినిపించేలా చెప్పింది, ఈ నెయ్యి మా వదినగారిదేనండి, డబ్బా మీద బొమ్మ కూడా ఆవిడదే, ప్రత్యేకంగా తెప్పించామని. వరసలో వాళ్ళంతా తలలు తిప్పి అమ్మని చూశారు. అమ్మ కొంగు సర్దుకుని చిన్నగా నవ్వింది.

ముద్దపప్పు మీద వడ్డించిన నెయ్యి పచ్చగా ఉంది. వాసన గుప్పున కొట్టింది. అమ్మ కలుపుకుని ఒక ముద్ద నోట్లో పెట్టుకుంది. నమలడం ఆపేసింది. నాలుక అంగిటికి ఆనించి కాసేపు అలాగే ఉండిపోయింది. నేను కూడా తిన్నాను. అంగిట్లో మైనం రాసినట్టు అంటుకుంది, నీళ్ళు తాగినా పోలేదు. అది మా నెయ్యి కాదు. ఆ మాట అమ్మే చెప్పాల్సిన పని లేదు, ఆ ఇంట్లో పెరిగిన నాకే తెలిసింది.

అమ్మ తల ఎత్తి ఎదుటి వరస వైపు చూసింది. నేనూ అటే చూశాను. వడ్డించేవాడు నేతి గిన్నెతో నాన్న దగ్గరికి వచ్చాడు. మా నాన్నకి నెయ్యి లేకుండా ముద్ద దిగేది కాదు, జ్వరంలో గంజిలో కూడా వేయించుకునేవాడు. ఆయన విస్తరి మీద చెయ్యి అడ్డం పెట్టి, వద్దు అన్నాడు. వడ్డించేవాడు మళ్ళీ వంగాడు. నాన్న మళ్ళీ వద్దన్నాడు. తర్వాత తల ఎత్తేసరికి అమ్మ కళ్ళలో పడ్డాడు. వెంటనే తల దించుకుని వట్టి పప్పన్నం తినడం మొదలుపెట్టాడు.

అమ్మ విస్తట్లో ఉన్నదంతా తిని లేచింది. చేతులు కడుక్కునే దగ్గర ఒక పెద్దావిడ ఎదురొచ్చి, నీ నెయ్యి అమృతంలా ఉందమ్మా అంది. అమ్మ ఆవిడ కాళ్ళకి దణ్ణం పెట్టింది. పెళ్ళివారింట్లో మరో మాట అనడం మర్యాద కాదని ఊరుకుందని తర్వాత నాతో చెప్పింది. బస్సులో తిరిగొచ్చేటప్పుడు ముగ్గురం ఒకే సీట్లో కూర్చున్నాం. కొవ్వూరు బ్రిడ్జి దాటాం, నిడదవోలు దాటాం, నాన్న కిటికీ వైపే తిరిగి కూర్చున్నాడు.

మర్నాడు నాన్న కంటే ముందే అమ్మ తయారై నన్ను తోడు తీసుకుని తణుకు వెళ్ళింది. కొట్టు ముందు భాగంలో ఎప్పటిలాగే పప్పుల బస్తాలు. మావయ్యగారు అమ్మని చూసి లేచి నిలబడి, రామ్మా చెల్లెమ్మా, కబురు పెడితే నేనే వచ్చేవాణ్ణి కదా అన్నాడు. అమ్మ ఆగకుండా వెనక షెడ్డులోకి నడిచింది. ఆయన ఆపలేదు. అక్కడ ఒక పక్క వనస్పతి అట్టపెట్టెలు, ఇంకో పక్క పామాయిల్ డ్రమ్ములు. మధ్యలో గ్యాసు పొయ్యి మీద పెద్ద గంగాళం. కిటికీలో చిన్న సీసాలో సెంటు లాంటిదేదో ఉంది, నిన్నటి పెళ్ళిలో గుప్పుమన్న వాసన అదే. గోడ వారగా అమ్మ బొమ్మలు కప్పు దాకా పేర్చి ఉన్నాయి. మా ఇంటి నుంచి వచ్చిన క్యాన్లు ఒక మూల ఉన్నాయి.

ఆయన అబద్ధం చెబుతాడేమో అనుకున్నాను. చెప్పలేదు.

"అన్నయ్యగారూ, ఆ డబ్బాల్లో ఉన్నది నా నెయ్యి కాదు."

"కాదమ్మా. నీది కూడా కొంత కలుస్తుంది. పూస కోసం."

ఆయన స్టూలు తెచ్చి వేశాడు. అమ్మ కూర్చోలేదు. ఆయనే నెమ్మదిగా, పిల్లలకి లెక్కలు చెప్పినట్టు చెప్పుకొచ్చాడు. మొదట్లో అమ్మ నెయ్యే పంపించాడట. హైదరాబాదు నుంచి రెండుసార్లు సరుకు వెనక్కి వచ్చిందట. తెల్లగా ఉంది, వనస్పతి కలిపారు అన్నారట. పట్నం వాళ్ళకి ఇప్పుడు పచ్చగా ఉంటేనే నెయ్యి. మూత తియ్యగానే వాసన రావాలి. మన గేదె నెయ్యి తెలుపు, దాని వాసన అన్నంలో వేస్తే తప్ప తెలియదు. ఉత్తరాది పాకెట్లన్నీ ఒకే రంగు, ఒకే రుచి, ఎప్పుడు కొన్నా తేడా ఉండదు. వాటి పక్కన నిలబడాలంటే ఇదొక్కటే దారి. పాలన్నీ డైరీలు ఎత్తుకుపోతుంటే వెన్న ఎక్కడ దొరుకుతుంది.

"నిజం నెయ్యి పోస్తే కల్తీ అన్నారమ్మా. ఇది పోస్తే మంచి నెయ్యి అంటున్నారు. నన్నేం చెయ్యమంటావు?"

"అమ్ముకోండి. నా బొమ్మ తీసేసి అమ్ముకోండి."

"బొమ్మ చూసే కదమ్మా కొంటున్నారు."

ఆ మాట అన్నప్పుడు కూడా ఆయన గొంతులో చిరాకు లేదు. అమ్మ వెనక్కి తిరిగింది. మేము గుమ్మం దాటుతుండగా ఆయన వెనక నుంచి, మీ ఆయనకి అన్నీ తెలుసు చెల్లెమ్మా, నీకు చెప్పే ఉంటాడనుకున్నాను అన్నాడు. అది మమ్మల్ని ఓదార్చడానికి అన్నాడో, తన మీద నుంచి దులుపుకోవడానికి అన్నాడో నాకు ఈనాటికీ తెలియదు.

సాయంత్రం నాన్న ఇంటికి వచ్చాక అమ్మ ఎంత గొడవ చేస్తుందో అని భయపడ్డాను. ఆవిడ నీళ్ళు ఇచ్చింది, కాఫీ ఇచ్చింది, ఆయన తాగి గ్లాసు కింద పెట్టాక అడిగింది.

"ఎప్పటి నుంచి తెలుసండీ మీకు?"

"చాలా రోజులైంది."

"నాకెందుకు చెప్పలేదు?"

"చెబితే నువ్వు మానేస్తావని."

అంతే. ఆయన అలా ఉన్నదున్నట్టు చెప్పడమే అమ్మని ఎక్కువ బాధపెట్టింది. కోప్పడి ఉంటే, బుకాయించి ఉంటే, ఆవిడకి దెబ్బలాడటానికి ఏదైనా దొరికేది. నాన్న ఆ తర్వాత కూడా తెల్లబట్టలు వేసుకుని తణుకు బస్సెక్కాడు. అమ్మ బట్టలకి ఇస్త్రీ చేయించడం ఆపలేదు. కానీ ఇంట్లో భోజనాల దగ్గర ఒకటి మారింది. అన్నం, పప్పు, కూర, పులుసు అన్నీ తనే వడ్డించేది. నేతి గిన్నె మాత్రం ఆయన పక్కన పెట్టేసి లోపలికి వెళ్ళిపోయేది. కావాలంటే ఆయనే వేసుకోవాలి. నాన్న మొదట్లో గరిట పట్టుకుని కాసేపు ఆగేవాడు, ఆవిడ వస్తుందేమోనని. తర్వాత తర్వాత వేసుకోవడమే మానేశాడు.

వెన్న తెచ్చే ఆడవాళ్ళకి ఇక తీసుకోనని అమ్మ చెప్పేసింది. ఎందుకని వాళ్ళు అడిగితే ఉన్న సంగతి చెప్పింది. వాళ్ళు నమ్మలేదు. డబ్బా మీద నీ బొమ్మ ఉంది, కొట్లో మీ ఆయన కూర్చుంటున్నాడు, నీకు తెలియకుండా ఎలా జరుగుతుంది అన్నారు. లాభమంతా ఒక్కళ్ళే మిగుల్చుకోవాలని మా వెన్న వద్దంటోంది అని కుళాయి దగ్గర అనుకున్నారు. ఇరవై ఏళ్ళుగా అమ్మ చేతిలో కళ్ళు మూసుకుని వెన్న పెట్టినవాళ్ళు వాళ్ళు. ఆ మాటలు నా చెవిన పడితే అమ్మకి చెప్పలేదు. ఎవరో చెప్పే ఉంటారు, ఆవిడ కుళాయికి వెళ్ళే వేళ మార్చుకుంది.

సరిగ్గా అప్పుడే మా ఊళ్ళో ఒక ప్రైవేటు డైరీవాళ్ళు పాలకేంద్రం పెట్టారు. పొద్దునా సాయంత్రం వ్యాను వచ్చి హారను కొట్టేది. పాలల్లో వెన్న ఎంత ఉందో మిషను మీద చూసి చీటీ రాసిచ్చేవారు. ఇంకెవరూ చిలకక్కర్లేదు, కాచక్కర్లేదు, ఎవరి దయా అక్కర్లేదు. ఏడాది తిరిగేసరికి వీధిలో కవ్వం చప్పుడు లేదు. మజ్జిగ కూడా పోయింది. అదివరకు ఎండాకాలం ఎవరింటికి వెళ్ళి చెంబు పట్టినా మజ్జిగ పోసేవారు, దాన్ని ఎవరూ అమ్మేవారు కాదు. ఇప్పుడు అదే డైరీ వాళ్ళ మజ్జిగ, అదే డైరీ వాళ్ళ నెయ్యి పాకెట్లలో కొట్లోకి వచ్చి వేలాడాయి. గేదెలున్న ఇళ్ళవాళ్ళే పండక్కి వెళ్ళి వాటిని కొనుక్కున్నారు.

అమ్మ ఒక గేదెని మాత్రం ఉంచుకుంది. ఇంటి మట్టుకు చిలికేది.

ఆ తర్వాత కొంతకాలానికి రాజమండ్రిలో అధికారులు కొట్ల మీద దాడి చేసి శాంపిళ్ళు తీశారు. జిల్లా పేపర్లో ఫోటో పడింది. నడిరోడ్డు మీద డబ్బాల గుట్ట, ఒక్కో డబ్బా మీద అమ్మ నవ్వుతోంది. కింద పెద్ద అక్షరాలతో కల్తీ నెయ్యి అని రాశారు. వార్తలో వ్యాపారి అని రాశారే గానీ ఎవరని రాయలేదు. రాయకపోయినా మా చుట్టుపక్కల ఊళ్ళలో ఆ మొహం ఎవరిదో తెలియనివాళ్ళు లేరు. వెన్న తెచ్చే ఆడవాళ్ళలో ఒకావిడ పేపరు తెచ్చి మా అరుగు మీద పెట్టి, చదువుకో అని వెళ్ళిపోయింది. అమ్మ నన్ను చదవమంది. చదివాను. అమ్మ పేపరు తీసుకుని ఆ ఫోటో కేసి చాలాసేపు చూసి, మడతపెట్టి, దేవుడి గదిలోకి వెళ్ళి ఆ ఒత్తుల డబ్బా తెచ్చి పెంటకుప్పలో పారేసింది.

సాయంత్రానికి పెళ్ళివారి కోడలు రాజమండ్రి నుంచి ఫోను చేసింది. మా ఇంట్లో శుభకార్యానికి అలాంటిది పెట్టించారా వదినగారూ, నలుగురికీ ఏం సమాధానం చెప్పుకోవాలి అని అడిగింది. అమ్మ ఏదో చెప్పబోయింది, అటు ఫోను పెట్టేశారు.

అమ్మ ఆ వారమే నెయ్యి కాచి, సీసాలో పోసుకుని, నన్ను వెంటపెట్టుకుని రాజమండ్రి బయల్దేరింది. వద్దని నేను అన్నాను. నా నెయ్యి ఏంటో వాళ్ళకి తెలియాలి కదా అంది. వాళ్ళు మర్యాదగానే కూర్చోబెట్టారు, కాఫీ ఇచ్చారు. అమ్మ జరిగినదంతా చెప్పింది. వదినగారు విని, పోనీలెండి, అయిపోయిందేదో అయిపోయింది అన్నారు. అమ్మ సీసా ఇచ్చింది. ఆ ఇంటి చిన్నకోడలు మూత తీసి వాసన చూసింది. వేలితో కాస్త తీసుకుని నాలిక మీద వేసుకుంది. ఆ అమ్మాయి చెడ్డది కాదు, వెటకారం కూడా చెయ్యలేదు. మామూలుగానే చెప్పింది.

"ఇది నెయ్యిలా లేదు పిన్నిగారూ. వాసనేం రావట్లేదు. పెళ్ళిలో పెట్టిందే బాగుంది."

గదిలో ఎవరో నవ్వారు. అమ్మ కూడా నవ్వాలని చూసింది. మేము లేచేటప్పుడు ఆ సీసా టీపాయి మీదే ఉంది. ఎవరూ లోపలికి తీసుకెళ్ళలేదు.

తణుకు మావయ్యగారు జరిమానా ఏదో కట్టి బయటపడ్డాడు. నెయ్యి వ్యాపారం మూసేసి భీమవరంలో రొయ్యల మేత ఏజెన్సీ తీసుకున్నాడు, అందులో బాగా కలిసొచ్చిందని విన్నాం. ఆ ఏడాది దీపావళి తర్వాత మా ఇంటికి రాలేదు, ఆ తర్వాత ఏ ఏడాదీ రాలేదు. కొట్టు మూసేశాక నాన్న మళ్ళీ ఇంటిపట్టునే ఉండిపోయాడు. చెరువు పూడ్పించి వరి వేస్తే ఉప్పుకి రెండేళ్ళు సరిగ్గా పండలేదు.

నా పెళ్ళై భీమవరం వచ్చాక, ఒకసారి కంటి ఆపరేషనుకి నాన్నని మా ఇంట్లో ఉంచుకున్నాను. కళ్ళకి పచ్చ అద్దాలు పెట్టుకుని వరండాలో కూర్చుని, నేను అడగకుండానే చెప్పాడు. మొదటిసారి ఆ షెడ్డులో గంగాళం చూసిన రోజునే మానేద్దామనుకున్నాడట. మర్నాడు పొద్దున బట్టలు వేసుకుంటుంటే, మానేస్తే ఎక్కడికి వెళ్ళాలో తోచలేదట. "చెరువు పోయాక నన్ను అండీ అని పిలిచింది ఆ కొట్లోనేనమ్మా" అన్నాడు. మీ అమ్మకి ఆ మాట చెప్పు అని అన్నాడో, చెప్పొద్దన్నాడో, ఆ వాక్యం పూర్తి చెయ్యలేదు. తర్వాత ఊరెళ్ళినప్పుడు నేను చెప్పాను.

అప్పటికి అమ్మ ఆఖరి గేదెని కూడా అమ్మేసింది, మోకాళ్ళు సహకరించక. ఇంట్లో పాకెట్ నెయ్యే వాడుతోంది. ఏది తెచ్చినా పేరు పెట్టేది కాదు.

"ఆ వ్యాపారి సంగతి వదిలెయ్యి" అంది అమ్మ. "తిన్నవాళ్ళకి తెలియలేదు, వాళ్ళ సంగతీ వదిలెయ్యి. ఆ పెళ్ళి పంక్తిలో అది నా నెయ్యి కాదని నాకు తెలుసు, మీ నాన్నకి తెలుసు. తన విస్తట్లో పడకుండా చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు. నా విస్తట్లో పడుతుంటే చూస్తూ కూర్చున్నాడు."

తర్వాత మా చిన్నవాడికి అన్నం పెట్టే వేళైందని లేచింది.